చంద్రుడి మీద ఇల్లు సరే, తిరుగు టికెట్ ఎవరి దగ్గర?

ఈ మధ్య ఒక వార్త కంటపడింది. చంద్రుడి మీద హోటల్ కడతామంటూ అమెరికాలో ఒక చిన్న స్టార్టప్ బుకింగులు తెరిచింది. అడ్వాన్సే రెండున్నర లక్షల డాలర్ల నుంచి మొదలట. గదులు వచ్చే దశాబ్దం మొదట్లో సిద్ధమవుతాయట.

ఈ తరహా వార్త కొత్తది కాదు. 1967లోనే హిల్టన్ హోటళ్ల అధిపతి బారన్ హిల్టన్ ఒక అంతరిక్ష సదస్సులో నిలబడి, చంద్రుడి నేల కింద హిల్టన్ హోటల్ ఎలా ఉంటుందో వర్ణించి చెప్పాడు. ఆ మరుసటి ఏడాది పాన్ ఆమ్ విమాన సంస్థ చంద్రుడికి వెళ్లాలనుకునేవాళ్ల పేర్లు రాసుకోవడం మొదలుపెట్టింది. పైసా అక్కర్లేదు, పేరిస్తే నంబరు వేసిన సభ్యత్వ కార్డు ఇంటికి వచ్చేది. 1971లో ఆపేసేలోగా 93,000 మందికి పైగా చేరారు. 1991లో పాన్ ఆమే మూతపడింది. ఆ కార్డులు ఇప్పుడు పాత వస్తువులు సేకరించేవాళ్ల దగ్గర భద్రంగా ఉన్నాయి.

కాబట్టి నవ్వుకుని పక్కన పెట్టేయొచ్చు. కానీ ఈసారి అంత తేలిగ్గా నవ్వు రావడం లేదు. అప్పుడు కార్డులు తప్ప ఏమీ లేవు. ఇప్పుడు ప్రైవేటు రాకెట్లు ఉన్నాయి, చంద్రుడి నేల తాకిన ప్రైవేటు ల్యాండర్లు ఉన్నాయి, మనుషులను దించే నౌకల కోసం స్పేస్‌ఎక్స్‌కు 289 కోట్ల డాలర్లతోనూ, బ్లూ ఆరిజిన్‌కు 340 కోట్ల డాలర్లతోనూ నాసా కుదుర్చుకున్న కాంట్రాక్టులు ఉన్నాయి. చంద్రుడి మట్టితో గోడలు, రోడ్లు వేసే పద్ధతి కనిపెట్టమని ఐకాన్ అనే త్రీడీ ప్రింటింగ్ కంపెనీకి 2022లోనే 5.7 కోట్ల డాలర్లు ఇచ్చారు. చంద్రుడి మీద మనుషులుండే బేస్ కట్టడం సాధ్యమా అన్న ప్రశ్నకు 'ఎప్పుడో ఒకప్పుడు అవును' అనే నా జవాబు. నన్ను తొలిచేది ఇంకోటి. కట్టినవాడు మధ్యలో చేతులెత్తేస్తే, లోపల ఉన్నవాళ్ల సంగతేంటి?

నాకు ప్రైవేటు కంపెనీల మీద పగేమీ లేదు. రాకెట్ ఖర్చు తగ్గింది వాళ్ల వల్లే. మోయడం, దించడం, కట్టడం వాళ్లనే చేయనివ్వండి. కానీ మనుషులు ఏళ్ల తరబడి ఉండే స్థావరం ఒక్క కంపెనీ ఆస్తిగా, ఆ కంపెనీ వాహనం మీదే ఆధారపడి ఉండకూడదని నా అభిప్రాయం. ఎందుకో కొంచెం వివరంగా చెప్తాను.

దిగడం ఒక ఎత్తు, రాత్రి గడవడం ఇంకో ఎత్తు

ముందు ప్రైవేటు ల్యాండర్ల చరిత్ర. 2019లో ఇజ్రాయెల్ వాళ్ల బేరెషీట్ కూలింది. 2023 ఏప్రిల్‌లో జపాన్ కంపెనీ ఐస్పేస్ ల్యాండర్ కూలిన తీరు మరీ విచిత్రం. అది ఒక బిలం అంచు దాటగానే కింద నేల ఒక్కసారిగా లోతుకు వెళ్లిపోయింది. ఎత్తు కొలిచే పరికరం ఆ సంగతి నిజాయతీగానే చెప్పింది. సాఫ్ట్‌వేర్ మాత్రం పరికరం పాడైందనుకుని దాని మాట వినడం మానేసింది. నేలకు దాదాపు 5 కిలోమీటర్ల పైన ఉండగానే దిగిపోయాననుకుని, ఇంధనం అయిపోయేదాకా అక్కడే తచ్చాడి, పడిపోయింది.

2024 జనవరిలో ఆస్ట్రోబోటిక్ వారి పెరెగ్రిన్ ఇంధనం కారిపోయి, చంద్రుడి మీద దిగకుండానే వెనక్కి వచ్చి భూవాతావరణంలో కాలిపోయింది. మరుసటి నెల ఇంట్యూటివ్ మెషీన్స్ వారి ఒడిస్సియస్ దిగింది, కానీ ఒరిగింది. లేజర్‌తో ఎత్తు కొలిచే పరికరానికి ఉన్న సేఫ్టీ స్విచ్‌ను బయల్దేరే ముందు తీయడం మర్చిపోయారు! ఏడాది తర్వాత అదే కంపెనీ రెండో ల్యాండరూ పక్కకే పడింది. 2025 మార్చి 2న ఫైర్‌ఫ్లై వారి బ్లూ ఘోస్ట్ మాత్రం నాలుగు కాళ్ల మీద చక్కగా నిలబడింది. నాసా దానికి చెల్లించింది దాదాపు 10 కోట్ల డాలర్లు. చంద్రుడి మీదికి పది పరికరాలు దించడానికి అది చవకే.

వీటిని వెక్కిరించడానికి చెప్పడం లేదు. 2019లో మన విక్రమ్ కూడా కూలింది. నాలుగేళ్లు పట్టి తప్పులు సరిదిద్దుకుంటే 2023 ఆగస్టు 23న సరిగ్గా దిగింది. ఈ కంపెనీలూ నేర్చుకుంటాయి. దిగడం అనే విద్య పట్టుబడుతుంది, అందులో నాకు అనుమానం లేదు.

అసలు కష్టం రాత్రితో. అక్కడ రాత్రి అంటే మన లెక్కలో రెండు వారాలు, చలి మైనస్ 170 డిగ్రీల దాకా. బ్లూ ఘోస్ట్ పగలంతా పనిచేసి, చీకటి పడ్డాక మరో ఐదు గంటలు లాక్కొచ్చి ఆగిపోయింది. మన విక్రమ్, ప్రజ్ఞాన్ నిద్రపోయాక మళ్లీ లేవలేదు. జపాన్ ప్రభుత్వ ల్యాండర్ స్లిమ్ తలకిందులుగా దిగి కూడా మూడు రాత్రులు తట్టుకుని ఆశ్చర్యపరిచింది. చాంగ్-ఈ 4 అనే చైనా ల్యాండర్ ఏళ్ల తరబడి బతికింది గానీ, దాని ఒంట్లో రేడియోధార్మిక పదార్థంతో పనిచేసే హీటర్లు ఉన్నాయి. మనుషులున్న బేస్‌కు అంతకంటే చాలా పెద్ద కరెంటు మూలం, బహుశా ఒక చిన్న అణు రియాక్టర్, కావాలి. రియాక్టర్‌ను రాకెట్ ఎక్కించడానికి ఏ కంపెనీకైనా ప్రభుత్వ అనుమతి తప్పదు. అంటే ఇది పూర్తిగా ప్రైవేటు వ్యవహారం అనే మాట మొదటి రాత్రే వీగిపోతుంది.

దక్షిణ ధ్రువం దగ్గర కొన్ని ఎత్తయిన అంచుల మీద ఏడాదిలో ఎక్కువ భాగం ఎండ ఉంటుంది. 21 కిలోమీటర్ల వెడల్పున్న షాకిల్టన్ బిలం అంచు అలాంటిదే. అందుకే అందరి కళ్లూ అక్కడే. కానీ అలాంటి చోట్లు చాలా తక్కువ. ఈ విషయానికి మళ్లీ వస్తాను.

ఇక రేడియేషన్. చాంగ్-ఈ 4 కొలిచినదాని ప్రకారం చంద్రుడి నేల మీద రోజువారీ మోతాదు భూమి చుట్టూ తిరిగే అంతర్జాతీయ అంతరిక్ష కేంద్రంలో ఉన్నవాళ్లకు తగిలేదానికి రెండున్నర రెట్ల పైమాటే. అందుకే ఏ ప్లాన్ చూసినా ఇల్లంటే మీటర్ల మందాన మట్టి కప్పుకున్న ఇల్లే. ఆ మట్టి వేడినీ బాగానే ఆపుతుంది. చంద్రయాన్-3 థర్మామీటర్ పెడితే పైన 50 డిగ్రీలు దాటిన నేల, 8 సెంటీమీటర్ల లోతులోనే మైనస్ 10 చూపించింది. మట్టి మంచిదే, దాని దుమ్ముతోనే చావు. చంద్రుడి మీద దిగిన అపోలో వ్యోమగాముల సూట్ల కీళ్లలో, తాళాల్లో దూరి నానా తిప్పలు పెట్టింది. వాళ్లు అక్కడ ఉన్నది ఎక్కువలో ఎక్కువ మూడు రోజులు. భూమి ఆకర్షణలో ఆరో వంతులో మనిషి ఒళ్లు మూడు నెలలకు ఏమవుతుందో ఎవరూ ఉండి చూడలేదు.

సరుకు కొనేదెవరు?

కంపెనీ అన్నాక ఆదాయం కావాలి. చంద్రుడి మీద ఆదాయం అనగానే మూడు పేర్లు వినిపిస్తాయి: నీళ్లు, హీలియం-3 అనే అరుదైన గ్యాసు, పర్యాటకులు.

నీళ్లు ఉన్నాయి. 2009లో చంద్రయాన్-1 మీదున్న నాసా పరికరం నీటి జాడ పట్టింది. అదే ఏడాది అక్టోబరులో నాసా ఒక రాకెట్ భాగాన్ని కావాలని కబేయస్ బిలంలో గుద్దించి చూస్తే, లేచిన ధూళిలో 5 శాతం పైగా నీరు తేలింది. ఆ నీటిని విడగొడితే హైడ్రోజన్, ఆక్సిజన్ వస్తాయి, అంటే రాకెట్ ఇంధనం. దాన్ని అమ్ముకోవచ్చు. ఎవరికి? చంద్రుడికి వచ్చేవాళ్లకు. వాళ్లెందుకు వస్తారు? చాలావరకు ఆ నీళ్లు తీయడానికే. ఈ చక్రం నేను ఎన్ని వ్యాపార ప్రణాళికలు చదివినా విడిపోలేదు. బయటి నుంచి ఎవరో ఒకరు మొదట డబ్బు పోస్తే తప్ప తిరగదు.

హీలియం-3 కథ కొంచెం గట్టిది, ఎందుకంటే దానికి భూమి మీదే గిరాకీ ఉంది. క్వాంటం కంప్యూటర్లను అతి చల్లగా ఉంచడానికి వాడతారు. ఇంటర్‌లూన్ అనే కంపెనీ తవ్వి తెస్తానంటోంది. అపోలో 17లో చంద్రుడి మీద నడిచిన భూగర్భ శాస్త్రవేత్త హారిసన్ ష్మిట్ కూడా ఆ కంపెనీ స్థాపకుల్లో ఒకరు. అమెరికా ఇంధన శాఖ వాళ్ల దగ్గర 3 లీటర్లకు ఆర్డరు పెట్టింది, 2029కల్లా ఇవ్వాలి. మూడంటే మూడు లీటర్ల గ్యాసు! ఎగతాళి కాదు, ఎక్కడో ఒకచోట మొదలవ్వాలి. కానీ చంద్రుడి మట్టిలో అది వంద కోట్ల పాళ్లకు కొన్ని పాళ్లు మాత్రమే. కొండలు తవ్వి జల్లెడ పట్టాలి. ఆ పని యంత్రాలు చేస్తాయి. దానికోసం మనుషులకు ఇల్లు కట్టి, అన్నం పెట్టి, గాలి తయారుచేసి ఇవ్వడం వ్యాపారికి దండగ ఖర్చు.

పర్యాటకుల విషయం చూస్తే, 2018లో జపాన్ కుబేరుడు యుసాకు మేజావా స్పేస్‌ఎక్స్ నౌక మొత్తం బుక్ చేసుకుని, కళాకారులను వెంటబెట్టుకుని చంద్రుడిని చుట్టి వస్తానన్నాడు. నౌక ఎప్పటికి సిద్ధమవుతుందో తేలక 2024 జూన్‌లో రద్దు చేసుకున్నాడు. అంత డబ్బు, అంత మోజు ఉన్న మనిషే విసిగిపోయాడు.

ఇక మిగిలిన నికరమైన కొనుగోలుదారు నాసా. 2018లో మొదలైన దాని సరుకు రవాణా పథకానికి గరిష్ఠ పరిమితి 260 కోట్ల డాలర్లు. పైన చెప్పిన అమెరికన్ ల్యాండర్లన్నీ ఆ డబ్బు మీద ఎగిరినవే. దీన్ని ప్రైవేటు చంద్రయాత్ర అనడం పూర్తిగా అబద్ధం కాదు, కాస్త ఉదారమైన మాట, అంతే.

తప్పుకునే వీలు

వ్యాపారం నడవకపోతే తప్పుకోవడం కంపెనీకి నేరం కాదు, అది దాని లక్షణం. నష్టాల పని వదిలేయకపోతే వాటాదారులు నిలదీస్తారు.

ఇదే నాసా పథకంలో 2019 మే నెలలో ఆర్బిట్‌బియాండ్ అనే కంపెనీకి 9.7 కోట్ల డాలర్ల కాంట్రాక్టు వచ్చింది. రెండు నెలలు తిరక్కుండానే మా వల్ల కాదని తప్పుకుంది. మాస్టెన్ అనే ఇంకో కంపెనీ కాంట్రాక్టు చేతిలో ఉండగానే 2022లో దివాలా తీసింది. రెండు సందర్భాల్లోనూ ఇరుక్కున్నవి పరికరాలే. వాటిని వేరే బండి ఎక్కించే ఏర్పాటు చూడొచ్చు.

బిగెలో ఏరోస్పేస్ సంగతి నన్ను ఇంకా ఎక్కువ ఆలోచింపజేసింది. హోటళ్ల మీద సంపాదించిన సొంత డబ్బుతో రాబర్ట్ బిగెలో గాలి నింపితే విచ్చుకునే గదులు తయారుచేశాడు. 2006లో, 2007లో రెండు నమూనాలు కక్ష్యలోకి పంపాడు. 2016లో ఒక గది అంతరిక్ష కేంద్రానికి తగిలించారు, బాగా పనిచేసింది. చంద్రుడి మీద స్థావరం దాకా ఆయన దగ్గర బొమ్మలు, నమూనాలు సిద్ధంగా ఉండేవి. 2020 మార్చిలో ఉద్యోగులందరినీ ఇంటికి పంపేశాడు. సరుకు బాగుండి, టెక్నాలజీ నిరూపణ అయి, యజమానికి చిత్తశుద్ధి ఉండి కూడా కంపెనీ ఆగిపోయింది. ఆ గదుల్లోనే మనుషులు చంద్రుడి మీద ఉండి ఉంటే?

నేను ఒకసారి ఫైళ్లు దాచుకునే ఒక ఆన్‌లైన్ సర్వీసుకు 'లైఫ్‌టైమ్ ప్లాన్' కొన్నాను. కొన్నేళ్లకు ఒక మెయిల్ వచ్చింది. సేవలు నిలిపేస్తున్నాం, నెల రోజుల్లో మీ ఫైళ్లు దించుకోండి, ఇన్నాళ్లూ తోడున్నందుకు కృతజ్ఞతలు. ఆ 'లైఫ్' నాది కాదు, వాళ్లదని అప్పుడు అర్థమైంది. మర్యాదగానే రాశారు, గడువూ ఇచ్చారు, తప్పు పట్టడానికి ఏమీ లేదు. ఫైళ్లు కాబట్టి దించుకున్నాను. చంద్రుడి మీద ఉన్నవాడికి అలాంటి మెయిల్ వస్తే దించాల్సింది అతన్నే. ఆ దించే బండి కూడా మెయిల్ పంపినవాళ్లదే.

మా తమ్ముడి వాదన

ఇదంతా మా పిన్ని కొడుకుతో అంటే ఒప్పుకోలేదు. వాడికి రాకెట్లంటే పిచ్చి, ప్రతి ప్రయోగమూ తెల్లారుజామున లేచి చూస్తాడు. "అన్నయ్యా, గవర్నమెంటు మాత్రం మధ్యలో వదిలేయదా? అపోలోని ఎవరు ఆపారు, కంపెనీయా?" అన్నాడు.

నిజమే. అపోలో 18, 19, 20 యాత్రలను 1970లో రద్దు చేసింది అమెరికా ప్రభుత్వమే. 1972 డిసెంబరులో అపోలో 17 తిరిగొచ్చాక అర్ధ శతాబ్దం పాటు మనిషి మళ్లీ చంద్రుడి దరిదాపులకు వెళ్లలేదు. ఇంకా తాజా ఉదాహరణ వాడే చెప్పాడు, వైపర్ రోవర్. చంద్రుడి దక్షిణ ధ్రువంలో నీటిని వెదకడానికి నాసా దాదాపు 45 కోట్ల డాలర్లు పెట్టి తయారుచేసింది. రోవర్ చేతికొచ్చాక, 2024 జులైలో ఖర్చు పెరిగిందని రద్దు చేసింది. చివరికి దాన్ని చంద్రుడి మీదికి చేర్చడానికి 2025లో నాసా కాంట్రాక్టుతో ముందుకొచ్చిందెవరు? బ్లూ ఆరిజిన్. ప్రభుత్వం పారేసిన పనిని ప్రైవేటు కంపెనీ ఎత్తుకుంది. నా వాదనకు సరిగ్గా తిరగేసిన ఉదాహరణ.

దానికి తోడు ఖర్చు. నాసా సొంత భారీ రాకెట్ ఎస్ఎల్ఎస్, దాని మీది నౌక, వాటి ఏర్పాట్లు కలిపి మొదటి నాలుగు ప్రయోగాలకు ఒక్కోదానికి 410 కోట్ల డాలర్లు అవుతుందని 2022లో నాసా అంతర్గత తనిఖీ అధికారే లెక్క తేల్చాడు. ఆ రేటుకు బేస్ కాదు కదా, దారి కూడా పడదు. "కంపెనీలు లేకపోతే ఇంకో యాభై ఏళ్లు బొమ్మలు చూస్తూ కూర్చోవాలి" అన్నాడు తమ్ముడు. ఈ మాటకు నా దగ్గర ఎదురు జవాబు లేదు. నాకూ అలాగే అనిపిస్తుంది.

అయితే ఈ వాదన ప్రభుత్వం నమ్మదగినది కాదని చూపిస్తుంది గానీ, కంపెనీ నమ్మదగినదని చూపించదు. ఇద్దరూ వదిలేసి వెళ్లగలిగినవాళ్లే. మరి మనుషులు అంతరిక్షంలో పాతికేళ్లుగా ఎడతెగకుండా ఎలా ఉంటున్నారు? 2000 నవంబరు 2 నుంచి అంతరిక్ష కేంద్రం ఒక్క రోజు కూడా ఖాళీగా లేదు. ఆ కేంద్రం ఏ ఒక్కరి నిబద్ధత వల్లా నిలబడలేదు. ఎవరూ ఒంటరిగా తప్పుకోలేని విధంగా ముడిపడి ఉండటం వల్ల నిలబడింది. కరెంటులో ఎక్కువ భాగం అమెరికా సోలార్ పలకల నుంచి వస్తుంది. కక్ష్యలో కిందికి జారిపోకుండా పైకి నెట్టే పని ఎక్కువగా రష్యా వైపు నుంచి జరుగుతుంది. 2022 ఫిబ్రవరిలో ఉక్రెయిన్ యుద్ధం మొదలైంది. ఆంక్షలు, బెదిరింపులు, కేంద్రాన్ని కూలుస్తామన్నంత మాటలు. సరిగ్గా ఆ మార్చి 30న అమెరికా వ్యోమగామి మార్క్ వాండే హై రష్యా నౌక సోయుజ్‌లో కూర్చుని కజకిస్తాన్‌లో దిగాడు. ఇరుదేశాలకూ ఒకరి మీద ఒకరికి ప్రేమ పొంగి కాదు. ముడి విప్పడానికి వీల్లేక.

చంద్రుడి మీద సొంత స్థావరం అంటున్న ఏ కంపెనీ ప్రణాళికలోనూ నాకు ఈ ముడి కనపడలేదు. వాళ్ల రాకెట్, వాళ్ల ల్యాండర్, వాళ్ల ఇల్లు, వాళ్ల సూటు. అన్నీ ఒకచోట ఉంటే చవక, వేగం. ఆ చవకే ప్రమాదం కూడా.

2025 జూన్ 5

ఆ రోజు రెండు సంగతులు జరిగాయి. ఐస్పేస్ రెండో ల్యాండర్ చంద్రుడి మీద కూలిపోయింది. ఎత్తు కొలిచే లేజర్ సమయానికి సరైన లెక్క ఇవ్వలేదు. అదే రోజు అమెరికాలో అధ్యక్షుడు ట్రంప్, స్పేస్‌ఎక్స్ అధినేత ఈలాన్ మస్క్ బహిరంగంగా తిట్టుకున్నారు. ప్రభుత్వ కాంట్రాక్టులు రద్దు చేస్తానని ఒకరంటే, తన కంపెనీ డ్రాగన్ నౌకలను వాడకం నుంచి తీసేయడం మొదలుపెడతానని ఇంకొకరు పోస్టు పెట్టారు. కొన్ని గంటల్లో మస్క్ వెనక్కి తగ్గాడు, నిజమే. కానీ అప్పటికి అమెరికా నుంచి మనుషులను అంతరిక్ష కేంద్రానికి తీసుకెళ్లి తెచ్చే పనిలో ఉన్న నౌక అదొక్కటే.

నాకు ల్యాండర్ కూలడం కంటే ఆ పోస్టే ఎక్కువ టెన్షన్ పెట్టింది. సాఫ్ట్‌వేర్ తప్పుకు విచారణ ఉంటుంది, మరుసటిసారి సరిదిద్దుతారు. కోపం వచ్చిన యజమానికి ఏ పరీక్ష పెడతారు?

రెండో నౌక ఉండాలనే నాసా బోయింగ్‌కూ కాంట్రాక్టు ఇచ్చింది. 2024 జూన్‌లో దాని స్టార్‌లైనర్‌లో సునీతా విలియమ్స్, బుచ్ విల్‌మోర్ వారం పది రోజుల పనిమీద వెళ్లి, థ్రస్టర్లు మొరాయించడంతో 286 రోజులకు గానీ తిరిగి రాలేదు. వాళ్లను తెచ్చింది డ్రాగన్. ఈ కథను కొందరు ప్రైవేటు వైఫల్యం అంటారు, కొందరు ప్రైవేటు విజయం అంటారు. నేను గమనించింది వేరే. వాళ్లు క్షేమంగా ఉన్నది ఎందుకంటే తలదాచుకోవడానికి అందరి ఇల్లు ఒకటి అప్పటికే ఉంది, రెండో కంపెనీ బండి ఉంది, ఆ బండి ఆ తలుపుకు అతుక్కుంది. తలుపుల కొలతలు అందరికీ ఒకటే ఉండాలని దేశాలు ముందే కూర్చుని రాసుకున్నాయి కాబట్టి అతుక్కుంది. సూట్ల గురించి ఎవరూ అలా రాసుకోలేదు. బోయింగ్ సూటు డ్రాగన్ సీటుకు పనికిరాలేదు. డ్రాగన్‌లో కూర్చోవాలంటే ఆ కంపెనీ సూటే కావాల్సి వచ్చింది.

కక్ష్య నుంచి కిందికి గంటల్లో రావచ్చు. చంద్రుడి నుంచి మూడు రోజులు, అదీ పైకి లేచే బండి పక్కనే సిద్ధంగా ఉంటే.

గాలికి యజమాని

జీతం ఇచ్చేవాడు, ఇంటి యజమాని, నీళ్లూ గాలీ అమ్మేవాడు, ఊరికి వెళ్లే ఒక్క బస్సు నడిపేవాడు అందరూ ఒకరే అయితే ఆ ఉద్యోగి సమ్మె చేయగలడా? రాజీనామా ఇవ్వగలడా? ఇచ్చాక, నోటీసు పీరియడ్ అయ్యేలోగా బండి రాకపోతే, ఆ గాలి బిల్లు ఎవరి ఖాతాలో పడుతుంది? ఇది వేళాకోళంలా ఉంటుంది గానీ, 19వ శతాబ్దపు గనుల ఊళ్లలో కంపెనీ ఇల్లు, కంపెనీ దుకాణం, కంపెనీ చీటీలతో కూలీలు ఎలా అప్పుల్లో కూరుకుపోయారో చరిత్రలో ఉంది. అక్కడ కనీసం అర్ధరాత్రి నడిచి పారిపోవచ్చు.

చట్టం ఏమంటుంది? 1967 అంతరిక్ష ఒప్పందం ప్రకారం ఏ దేశమూ చంద్రుణ్ని సొంతం చేసుకోకూడదు. ప్రైవేటు కంపెనీ చేసే పనులకు దాని దేశమే బాధ్యత వహించాలి, అనుమతి ఇచ్చి కనిపెట్టుకుని ఉండాలి. 2015లో అమెరికా, 2017లో లక్సెంబర్గ్ చట్టాలు చేసి, నేల సొంతం కాకపోయినా తవ్వుకున్నది సొంతమే అన్నాయి. చంద్రుడి మీద పనులకు అమెరికా ముందుండి చేయించిన, 2023లో భారత్ కూడా చేరిన ఆర్టెమిస్ ఒప్పందాల్లో ఒకరి పనికి ఇంకొకరు అడ్డురాకుండా 'భద్రతా మండలాలు' పెట్టుకోవచ్చని ఉంది. కాగితం మీద సబబే. కానీ ఎండ తగిలే అంచులు వేళ్ల మీద లెక్కపెట్టే అన్ని ఉన్నప్పుడు, ముందు వెళ్లి సోలార్ పలకలు పరిచి చుట్టూ భద్రతా మండలం ప్రకటించినవాడికి ఆ అంచు సొంతమైనట్టే. పట్టా లేదు, ఖాళీ చేయించే కోర్టూ లేదు. చైనా, రష్యా కలిసి అదే ప్రాంతంలో స్థావరం కడతామంటున్నాయి. వాళ్లకు అడ్డు వచ్చేది ఒక కంపెనీ అయితే, గొడవ మాత్రం రెండు ప్రభుత్వాల మధ్యే అవుతుంది. లాభం ఒకరికి, తగువు అందరికీ.

అంటార్కిటికాను చూడండి. దక్షిణ ధ్రువం దగ్గర అమెరికా స్టేషన్‌లో 1957 నుంచి ఏటా చలికాలమంతా మనుషులు ఉంటున్నారు. అక్కడ గాలి ఉచితం, మంచు కరిగిస్తే నీళ్లు, చంద్రుడితో పోలిస్తే విమాన ఖర్చు చిల్లర. అయినా అక్కడ ఏడాది పొడవునా సొంత డబ్బుతో స్థావరం నడిపే కంపెనీ లేదు. ఎండాకాలం పర్యాటకులను తీసుకెళ్లి తెచ్చే కంపెనీలున్నాయి, స్టేషన్లకు సరుకు మోసి, వంట చేసి, యంత్రాలు బాగుచేసే కాంట్రాక్టర్లున్నారు. వాళ్లు లేకపోతే స్టేషన్ నడవదు. కానీ చలికాలంలో లోపలున్న మనుషులకు పూచీ దేశాలది. ఈ పంపకం నాకు బుద్ధిగా అనిపిస్తుంది. అక్కడ గనులు తవ్వకూడదని ఒప్పందం ఉంది కాబట్టే కంపెనీలు రాలేదని మీరు అనొచ్చు. కొంత నిజం. కానీ ఆ నిషేధం 1990ల్లో వచ్చింది. అంతకుముందూ ఏ కంపెనీ అక్కడ ఏడాది పొడవునా కాపురం పెట్టలేదు.

నేను అడిగేది

గని తవ్వే కంపెనీ, తవ్వకం అయ్యాక గొయ్యి పూడ్చడానికి అయ్యే ఖర్చును ముందే డిపాజిట్ చేయాలని చాలా దేశాల్లో నియమం ఉంది. చంద్రుడి మీద మనుషులను ఉంచే కంపెనీకీ అదే పెట్టాలి. ఉన్నవాళ్లందరినీ తిరిగి తేవడానికి అయ్యే డబ్బు కంపెనీ చేతికి అందని ఖాతాలో ముందే ఉండాలి, దివాలా తీసినా అప్పులవాళ్లు దాని జోలికి రాకుండా. అంతకంటే ముఖ్యం, తిరిగి వచ్చే బండి ఇంకో కంపెనీదై ఉండాలి, లేదా కనీసం ఇంకో కంపెనీ బండి ఆ తలుపుకు అతుక్కోవాలి. సూట్లూ కలవాలి. గాలి, నీరు, వైద్యం, భూమితో మాట్లాడుకునే వీలు ఉద్యోగ ఒప్పందంలోంచి తీసి విడిగా, షరతులు లేకుండా ఉండాలి. ఇవన్నీ కంపెనీకి లైసెన్సు ఇచ్చే దేశం చేతిలో ఉన్న పనులే, కొత్త ఒప్పందాలేవీ అక్కర్లేదు.

తమ్ముడు ఇది విని, "ఇన్ని షరతులు పెడితే ఒక్క స్టార్టప్ కూడా మిగలదు, చివరికి ఆ డిపాజిట్ కట్టగలిగేది ఇద్దరు కుబేరులే" అన్నాడు. గట్టి పోటు. చిన్నవాళ్లను తుడిచిపెట్టి పెద్దవాళ్లకే చంద్రుణ్ని రాసిచ్చే ప్రమాదం నా ప్రతిపాదనలోనే ఉంది. దానికి ఒక దారి, చిన్న కంపెనీలు కలిసి ఉమ్మడిగా డిపాజిట్ పెట్టడం, ఒకరి బండికి ఇంకొకరు హామీ ఉండటం. ఓడల యజమానులు ఒకరి నష్టానికి ఒకరు పూచీపడే ఉమ్మడి బీమా సంఘాలు ఎప్పటినుంచో నడుపుకుంటున్నారు. అలా చేస్తే అంతరిక్ష కేంద్రంలో ఉన్న ముడి లాంటిదే ఇక్కడా పడుతుంది. చేస్తారా? పోటీదారుడి బండికి సరిపడే తలుపు పెట్టడానికే ఏళ్లు వాదించుకుంటారు కాబట్టి నాకు పెద్ద ఆశ లేదు.

ఆ డిపాజిట్ కట్టలేని కంపెనీ ఇంట్లో కూర్చోనక్కర్లేదు. యంత్రాలను పంపొచ్చు. మనిషి లేకుండా చేయాల్సిన పని చంద్రుడి మీద దశాబ్దాలకు సరిపడా ఉంది. ఆ నీరు గడ్డల్లా ఉందో ధూళిలో కలిసి ఉందో కూడా ఇంకా ఎవరూ తవ్వి చూడలేదు. దక్షిణ ధ్రువం దగ్గర డ్రిల్లుతో దిగిన ప్రైవేటు ల్యాండర్ పక్కకు పడిపోయింది, డ్రిల్లు ఉత్తినే కదిలిందే తప్ప మట్టిని తాకలేదు. ముందు ఆ రంధ్రం వేయమనండి. ఒక రెండు వారాల రాత్రి గడిచాక కూడా ఆ డ్రిల్లు మళ్లీ తిరిగితే, అప్పుడు మనుషుల గదుల గురించి తమ్ముడితో ఇంకోసారి వాదనకు కూర్చుంటాను.